ఎర్త్ గొయ్యి

“ఆ గొయ్యి ఎందుకు తవ్వించారో అది చెప్పండి చాలు, అత్తయ్యగారూ,” అని సత్యలక్ష్మి అడగటం పొద్దుటినుంచి అది నాలుగోసారి.

“చెప్పానుగా. శుభ్రం చేయించాను,” అంది అమ్మణ్ణి, చేటలో బియ్యం మీదనుంచి తలెత్తకుండా.

“శుభ్రం చెయ్యడానికి అదేమన్నా బావా?”

“గొయ్యి ఎక్కడికీ పోలేదు. గొట్టం ఉంది, తీగ ఉంది. లోపలున్న చెత్త తీయించి, వాగు ఇసక పోయించాను.”

“చెత్త కాదండీ. బొగ్గులూ, గళ్ళుప్పూ. పల్లంరాజు కొలిచి మరీ వేశాడు.”

“ఆ రెండు మాటలూ ఈ ఇంట్లో అనొద్దన్నాను.”

నట్టింట్లో వక్క కత్తిరించుకుంటున్న నాగేశ్వరప్రసాద్ నవ్వాడు. “ఊరుకోవే సత్యా. మా అమ్మ గోతికి కూడా మడి కట్టింది.”

సత్యలక్ష్మికి నవ్వు రాలేదు. భర్త ప్రాణం గురించి తను అడుగుతుంటే ఆయనకి వేళాకోళంగా ఉంది.

జంగారెడ్డిగూడెంలో ఆ ఇంటి వీధి భాగమంతా పిండిమర. నెల కిందట కొత్త మోటారు కొన్నప్పుడు వైర్‌మన్ పల్లంరాజు గోడకి ఇనప మెయిన్ పెట్టె బిగించి, ఎర్త్ కోసం దొడ్లో నిలువులోతు గొయ్యి తవ్వాడు. తడి నిలవని ఈ గరపనేలలో వట్టి గొట్టం పాతితే లాభం లేదని చెప్పి, చుట్టూ ఒక వరస బొగ్గు, ఒక వరస ఉప్పు వేశాడు. రోజూ బిందెడు నీళ్ళు పొయ్యమన్నాడు. అమ్మణ్ణి అప్పుడు ద్రాక్షారామంలో అన్నగారింట పెళ్ళికి వెళ్ళి ఉంది. తిరిగొచ్చాక, గోతిలో ఏం వేశారో కోడలు చెబితే విని ఊరుకుంది. మర్నాడు ఇంట్లో ఎవరూ లేని వేళ చూసి, కూలికి వచ్చే ముసలయ్య చేత అదంతా తోడించి ఊరిబయట పారబోయించింది.

నిన్న శుక్రవారం. మెయిన్ పెట్టెకి పసుపు రాసి బొట్టు పెట్టబోయిన సత్యలక్ష్మిని తడి వేలు ఆనగానే కరెంటు కొట్టింది. ఈడ్చి కొట్టినట్టయి గోడవారన పడింది. ఇవాళ పొద్దున్నే పల్లంరాజు వచ్చి, ఫీజులు పీకి, పెట్టె తెరిచి చూస్తే, మోటారుకి వెళ్ళే తీగ ఇనప కన్నం అంచుకి ఒరుసుకుని పైతొడుగు తెగి ఉంది. అది సరే, ఎర్త్ ఏమైందని గొయ్యి తవ్వాడు. పొడి ఇసక బయటపడింది.

బియ్యం చేట పక్కన పెట్టి అమ్మణ్ణి దొడ్లోకి వెళ్ళింది. పల్లంరాజు గోతి గట్టు మీద కూచుని బీడీ కాలుస్తున్నాడు. ఆవిణ్ణి చూసి పారేశాడు.

“తీగ మార్చేశావుగా. ఇంకేం భయం?”

“ఇవాళ ఇది మార్చానండి. రేపు ఎలక ఇంకోటి కొరుకుతుంది. ఎర్త్ సరిగా ఉంటే ఫీజు ఎగిరిపోయి, కరెంటు ఆగిపోద్ది. లేకపోతే ఎవరు ముట్టుకుంటారా అని ఆ పెట్టె కాచుకు కూచుంటుంది అమ్మగారూ. కోడలుగారికి వేలి చివరే తగిలింది. అబ్బాయిగారు పొద్దున్నే ఆ పెట్టె పిడి పట్టుకుని లాగుతారు. అదీ వట్టి కాళ్ళతో.”

మరలోకి చెప్పులతో వెళ్ళకూడదన్న నియమం పెట్టింది అమ్మణ్ణే.

“పిడి పట్టుకుంటే ఏమవుతుంది?”

“చెయ్యి వదలదండి,” అన్నాడు పల్లంరాజు నేల చూస్తూ.

అమ్మణ్ణి అడిగింది. “బొగ్గుకి బదులు పసుపు కొమ్ములు, నవధాన్యాలు వేస్తే చాలదా?”

అతను నవ్వలేదు. “చాలితే నేనే వేసేవాణ్ణండి. మీరు ఒప్పుకోందే నేను ఫీజులు పెట్టను.”

ఇరవై రెండేళ్ళ కిందట ద్రాక్షారామం పక్క పల్లెలో ఆవిడ పెద్దకొడుకు వెంకటసుబ్బారావు మూడు రోజుల జ్వరంతో పోయాడు. తొమ్మిదేళ్ళవాడు. పదోరోజున పందిరి గుంజకోసం గడప పక్కన తవ్వితే, గుడ్డమూటలో బొగ్గులూ ఉప్పూ బయటపడ్డాయి. ఊరంతా చిల్లంగి, ఎవరో చేతబడి చేశారు అన్నారు. డాక్టరు మెదడువాపు అన్నాడు. ఆవిడ రెండూ నమ్మింది. ప్రసాద్ అప్పటికి పాకే పిల్లాడు. ఆ మూట సంగతి వాడికి ఎవరూ చెప్పలేదు.

వెనకాలే కుక్కుటేశ్వరరావు వచ్చి నిలబడ్డాడు. “అదీ ఇదీ ఒకటి కాదే,” అన్నాడు భార్యతో మెల్లిగా.

“తెలుసండి.”

“మరి?”

“తెలిసినంత మాత్రాన గుండె దడ ఆగుతుందా.”

ఆయన పంపు దగ్గరికి వెళ్ళి కాళ్ళు కడుక్కున్నాడు. ఆవిడ చాలాసేపు ఆ గోతినే చూస్తూ నిలబడింది. మళ్ళీ అవి వేస్తే ఉన్న ఒక్కడికీ ఏమవుతుందో. వెయ్యకపోతే పొద్దున్నే ఆ పిడి మీద వాడి చెయ్యి. ఎటు తలతిప్పినా వాడే కనిపించాడు.

మధ్యాహ్నం తండ్రీ కొడుకులు పీటల మీద కూచున్నారు. కోడలు మంచినీళ్ళు పెడుతోంది. అమ్మణ్ణి అందరికీ వడ్డించి, నెయ్యి గిన్నె కింద పెట్టింది.

“రేపు పల్లంరాజుని రమ్మనండి,” అంది ఎవరివైపూ చూడకుండా. “ఇసక తోడేదాకా అతని పని. బొగ్గులూ ఉప్పూ నా చేత్తో నేనే వేస్తాను. రోజూ నీళ్ళు కూడా నేనే పోస్తాను. మీరెవరూ ఆ గోతి దగ్గరికి రావద్దు. అందులో చెడు ఏదన్నా ఉంటే, వేసిన చేతికే తగులుతుంది.”