ముసలి గేర్లకు చిక్కటి నూనె

బొల్లారం నుంచి నీళ్ల ట్యాంకరు లాక్కుంటూ మారేడ్‌పల్లి దిగుడు దగ్గరికి వచ్చేసరికి ట్రాక్టరు డ్రైవరు విజయేందర్ మనసు తేలిగ్గా ఉంది. చాలా రోజులుగా గేరుబాక్సులో మూలుగుతున్న చప్పుడు ఆ పొద్దుటితో ఆగిపోయింది. కొత్త ఆయిల్ పోసింది అతనే.

ఆ ఆయిల్ దగ్గర చిన్న పేచీ నడిచింది. షెడ్డు మెకానిక్ మౌలా అలీ వద్దన్నాడు. ఈ బండికి గేర్లు మునిగే ఆయిల్‌లోనే బ్రేకు ప్లేట్లు కూడా మునిగి ఉంటాయని, దానికోసం వేరే తయారు చేసిన పలచటి ఆయిలే పోయాలని చెప్పాడు. విజయేందర్ వినలేదు. అంతకుముందు అతను తోలిన పాత ట్రాక్టరుకు బ్రేకులు విడిగా, పొడిగా ఉండేవి. దానికి బెల్లంపాకంలా చిక్కగా జారే నైంటీ నంబరు ఆయిల్ పోసి ఏళ్ల తరబడి నెట్టుకొచ్చాడు. దీనికీ అదే పోశాడు.

"ముసలి నోటికి మెత్తటి బువ్వ, ముసలి గేర్లకు చిక్కటి నూనె. గీ ముచ్చట నాకు నేర్పుతవా, మౌలా?"

"నేర్పుతలేనన్నా, చెప్తున్న," అన్నాడు మౌలా అలీ. "గేర్లు ఊకుంటయి. బ్రేకు ఊకోదు."

రాజమండ్రి వైపు నుంచి వచ్చి ఇక్కడ ట్యాంకర్లు నడుపుతున్న ఓనరు నాగజ్యోతి, సరైన ఆయిలే పడిందా అని ఫోనులో అడిగింది. సరైనదే పడిందని విజయేందరే చెప్పాడు.

దిగుడు మొదట్లో బ్రేకు తొక్కాడు. పాదం కింద పెడలు గడగడ వణికింది. ఇంకాస్త గట్టిగా తొక్కితే వణుకు ఆగింది గాని బండి ఆగలేదు. సబ్బునురగ మీద మడమ పెట్టినట్టు జారిపోతోంది. వెనక ట్యాంకు నిండా ఉన్న నీళ్లు ముందుకు ఊగి ట్రాక్టరు నడుము మీద ఒక్క తోపు తోశాయి.

ఎక్కిన గేరులోనే దిగాలన్నది తాను నలుగురికి చెప్పే మాటే. ఇవాళ బండి హాయిగా పోతోందని పై గేరులోనే దిగుడు పట్టాడు. ఇప్పుడు కింది గేరు వేయాలంటే క్లచ్ తొక్కాలి. తొక్కితే ఇంజను పట్టు కూడా వదిలిపోతుంది. అలవాటు కొద్దీ కాలు తనంతట తానే తొక్కేస్తుందేమోనని, ఎడమ కాలిని అక్కడినుంచి తీసి సీటు కిందికి మడుచుకున్నాడు.

కింద మలుపులో ఆటోలు ఆగి ఉన్నాయి. ఒకదానికి బడిపిల్లల సంచులు వేలాడుతున్నాయి. హారను మీద చేయి పెట్టి తీయలేదు. ఈ ఊళ్లో హారనుకు ఎవరు తల తిప్పుతారు?

ఎడమ పక్కన కడుతున్న ఇంటి ముందు ఇసుక కుప్ప కనబడింది. దాన్ని ఆనుకుని ఇటుకల మీద ఒకామె గొడుగు వేసుకుని కూర్చుంది. ఒక్కసారిగా తిప్పితే ట్యాంకు అడ్డం పడుతుంది. చేతులు ఆపుకుంటూ కొంచెం కొంచెంగా తిప్పాడు. జరుగమ్మా అని అరిచాడు. అతని ముఖం చూసి ఆమె గొడుగు వదిలేసి లేచింది.

ముందు చక్రాలు ఇసుకలో దిగబడ్డాయి. ఇంజను దగ్గి ఆగిపోయింది. ట్యాంకు ఇంకోసారి తోస్తే బండి మూరెడు జరిగి నిలిచింది.

దిగి చక్రాల కింద ఇటుకలు పెట్టాడు. ఒకటి కళ్లముందే పిండి అయిపోయింది. ఆ బరువు ఉన్నంతసేపు బండి నిలవదు. అపార్టుమెంటులో పొద్దుటినుంచి కాచుకుని ఉన్నవాళ్ల నీళ్లు అవి. వెనక్కి వెళ్లి వాల్వు పూర్తిగా తిప్పేశాడు.

"తాగనీకె చుక్క లేదంటే రోడ్డుకు తానం పోస్తున్నవా?" అంది గొడుగామె. అంటూనే సిమెంటు తట్ట తెచ్చి ధార కింద పెట్టింది.

అతను ఫోను చేస్తే నాగజ్యోతి స్కూటరు మీద వచ్చింది. బ్రేకు పట్టలేదని విన్నాక చక్రాల వంక, కింద ఆటోల వంక మార్చి మార్చి చూసింది.

"ఆ మౌలా అలీని ఇవాళే మానిపించేస్తాను. ఏదో పోసేసి సరైనదే అని నీతో చెప్పించాడు కదా."

విజయేందర్ ఊరుకుంటే చాలు, మాట అక్కడే ఆగిపోతుంది. తట్ట మళ్లీ నిండి పొర్లుతోంది. గొడుగామె బిందెల కోసం లోపలికి పరుగెత్తింది.

"మౌలా వద్దన్నడమ్మా," అన్నాడు. "పోసింది నేను."

ఆమె చేయి చాపింది. అతను తాళంచెవి ఆ చేతిలో పెట్టాడు. తరవాత ఆమె మౌలా అలీకి ఫోను చేసి, విజయేందర్‌కు కూడా వినబడేలా స్పీకరు పెట్టింది. ఉన్నదంతా దించేయాలని, పలచటిది పోసి కాసేపు తిప్పి అదీ పారబోయాలని, మళ్లీ కొత్తది పోయాలని మౌలా చెప్పుకొచ్చాడు. ప్లేట్లు బతికాయో లేదో అప్పుడుగాని తెలియదన్నాడు. చివర్లో, అన్నకేం కాలేదు కదా అని అడిగాడు.

"నువ్వే చెప్పు," అంటూ నాగజ్యోతి ఫోను విజయేందర్‌కిచ్చింది.

అతను ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాడు.

"పలచటిది తీస్కరా, మౌలా," అన్నాడు.