కళ్లు మూసుకుని సినిమా చూసే మనిషి

ఊరికే వచ్చేదంటే నాకు మొదటినుంచీ అనుమానమే. అందుకే మా మరిది ఆ పాత విదేశీ సినిమా తెచ్చి, "దీనికి ఎవరి అనుమతీ అక్కర్లేదు వదినా, హక్కుల గడువు తీరిపోయింది. ఇక ఇది అందరి సొత్తు" అన్నప్పుడు నేనేమీ పొంగిపోలేదు.

"ఇన్నాళ్లూ కాపలా కాసినవాళ్లు ఇప్పుడెందుకు వదిలేశారు?"

"వాళ్లు వదిలేదేముంది? చట్టంలో ఇన్నేళ్లని ఉంటుంది. అవి దాటాయంటే ఎవరైనా వేసుకోవచ్చు."

మా సినిమా హాలు చిన్నది. కుర్చీల్లో సగం కిర్రుమంటాయి. మా ఆయన పోయాక నేనూ మరిదీ దాని మీదే బతుకుతున్నాం. ఒక్క కేసు పడితే లైసెన్సు పోతుంది. లైసెన్సు పోతే మా పొయ్యిలో పిల్లి లేవదు.

అయినా వేశాం. మాటల్లేని సినిమా. వెనక వయొలిన్ ఒక్కటే మోగుతుంటుంది. మొదటి ఆటనుంచీ ఒక పెద్దాయన రావడం మొదలుపెట్టాడు. ఎండైనా వానైనా చేతిలో గొడుగు. చివరి వరసలో మూల కుర్చీ. లైట్లు ఆరగానే కళ్లు మూసుకుంటాడు. నిద్రపోతున్నాడా అంటే అదీ కాదు, వేళ్లు గొడుగు పిడి మీద కదులుతూనే ఉంటాయి. సినిమా చూడని మనిషికి సినిమా హాల్లో పనేమిటి?

"ఆ సినిమా కంపెనీవాడే. కేసు వెయ్యడానికి సాక్ష్యం పోగు చేస్తున్నాడు" అన్నాను.

"నీకు తాడు కనిపించినా పామే వదినా."

"మరి రోజూ ఎందుకొస్తాడు? వినడానికా?" అన్నాక నాకే తట్టింది. "అవునూ, ఇది మూగ సినిమా అన్నావుగా. ఆ వయొలిన్ ఎక్కణ్ణుంచి వచ్చింది?"

మరిది నాలిక్కరుచుకున్నాడు. "అది... ఈమధ్య ఎవరో వాయించి కలిపారు."

"దాని గడువూ తీరిందా?"

"నేను సినిమాదే చూశాను."

ముందు తలుపుకి తాళం వేసి వెనక తలుపు బార్లా తీసిపెట్టాడు మహానుభావుడు. ఒళ్లు మండిపోయింది.

ఆ రోజు ఆటకి సౌండు కట్టేయించాను. బొమ్మ మొదలైంది. హాలంతా ఫ్యాన్ల చప్పుడే. మూల కుర్చీలో పెద్దాయన కళ్లు తెరిచి, లేచి, తడుముకుంటూ తలుపు దగ్గరున్న నా వైపే వచ్చాడు. దొంగ దొరికాడనుకున్నాను.

"అమ్మా, వయొలిన్ రావట్లేదేం?"

"మీకెందుకండీ? ఏ కంపెనీ పంపింది మిమ్మల్ని?"

"కంపెనీ ఏమిటమ్మా? అది మా ఆవిడ వాయించింది. సరదాగా ఈ బొమ్మకి ఇంట్లోనే వాయించి కలిపి, నెట్‌లో పెట్టింది. పోయినేడు పోయింది. ఇంట్లో విందామంటే ఎదురుగా ఆవిడ కుర్చీ కనబడుతుంది, నావల్ల కాదు. ఇక్కడైతే చీకటి."

నాకు తల కొట్టేసినట్టయింది. "మరి దాని హక్కులు ఎవరివండీ?" అన్నాను.

"నావే. ఆవిడ తరవాత నాకే వచ్చాయి. మీరూ ఆపేస్తే నేనింకెక్కడ వినను?"

అంత సిగ్గులోనూ నా బుద్ధి నన్ను వదల్లేదు. "కాస్త రాసిస్తారా?" అన్నాను. ఆయన నవ్వి, టిక్కెట్టు వెనకే రాసిచ్చారు.

సౌండు పెట్టించి, ఆయన పక్క కుర్చీలో కూర్చున్నాను. ఇన్నాళ్లూ ఆ మనిషి మొహం మీదే కాపలా కాశాను గానీ, ఆవిడ వాయించింది ఒక్కసారైనా వినలేదు. కళ్లు మూసుకున్నాను.