గడ్డిలో ఉప్పు

ఆ రోజు సక్కుబాయి చేతిలో ఉన్నవి పిడికెడు వరిగడ్డి, రంగు వెలిసిన లక్కగాజు ఒకటి. సరుకంతా తడిసిందని, తనకొద్దని దుబాయి సేటు కాగితాలన్నీ తిప్పి పంపుతూ నమూనాకు అవి పెట్టాడు. ఓడలో పంపిన నలభై పెట్టెలూ పోయినట్టే. పదకొండేళ్లుగా పురుషోత్తం చార్మినార్ దగ్గర గాజుల వ్యాపారం చేస్తున్నాడు. అంతే కాలంగా ఛత్రినాకలోని ఇంట్లో అతని భార్య సక్కుబాయి ఆ గాజులను పెట్టెలకు కడుతోంది. డజనుకో కాగితం, చుట్టూ గడ్డి, పైన గోనెపట్టా. మనిషిని పెడితే రోజుకు నాలుగు రూపాయలయ్యేది. ఆ ఖర్చు ఏనాడూ పడలేదు కనుక అలాంటి పనొకటి ఉందని కూడా ఆ ఇంట్లో ఎవరికీ తోచలేదు.

అన్నం ముందు కూర్చుని పురుషోత్తం ఓడ కంపెనీ ఉత్తరం చదివాడు. పెట్టెల్లో గడ్డి ఇంట్లోనే తడిసింది, కట్టడంలోనే లోపముంది, ఓడకు బాధ్యత లేదు. ఆ మాట ఒప్పుకుని సంతకం పెడితే దయతో సగం కిరాయి వాపసిస్తారు.

"వానల గడ్డి ఆరబెట్టకనే కట్టె. నేనప్పుడే అన్న," అంది అత్త నాగమణమ్మ. అప్పుడామె ఏమీ అనలేదు.

"పప్పుల సుత ఉప్పెక్కువనే," అన్నాడు పురుషోత్తం. "ఏ పని సక్కగ చేసినవే నువ్వు?"

ఆ ఉప్పు మాట పదకొండేళ్లుగా వింటున్నదే. నిరుడు ఆ గడ్డిని మూడు రోజులు మేడ మీద ఎండబెట్టింది. మబ్బు పట్టినప్పుడల్లా పరుగెత్తి ఎత్తింది. అయినా ఏమో, ఒక మోపు తడిగా ఉండిపోయిందేమో అని తన మీద తనకే అనుమానం వచ్చింది. ఇన్నేళ్లూ తప్పు తనదేనని వింటూ ఉంటే, చేయని తప్పు కూడా గుర్తున్నట్టే ఉంటుంది. గిన్నెలు తోమి వచ్చి, చేతి అలవాటు కొద్దీ ఒక గడ్డిపోచ తీసి కొరికింది. ఆరిన పోచ పటుక్కున తెగుతుంది, తడిది సాగుతుంది. కట్టేముందు ప్రతి మోపునూ ఆమె అలాగే చూస్తుంది. పోచ తెగింది. నాలుక చుర్రుమంది. ఆ గడ్డిలోనే ఇంట్లో మిగిలిన మోపు నుంచి ఇంకొకటి కొరికింది. చప్పగా ఉంది.

"ఏమయ్యా, సంతకం పెట్టకు. ఇది మన వాన కాదు, సముద్రం."

"నువ్వెన్నడు చూసినవే సముద్రం?"

"చూడలే. గిప్పుడే రుచి చూసిన."

అతను నవ్వాడు. కానీ పోయింది పెట్టుబడి మొత్తం. తెల్లారి ఆమెను వెంటబెట్టుకుని వకీలు ఈశ్వరయ్య దగ్గరికి వెళ్లాడు.

వకీలు ఒక పొడుగాటి కాగితం తీసి చూపించాడు. "ఓడోళ్లు ఇచ్చిన రసీదు. పెట్టెలు పైకి మంచిగున్నయని కప్తాన్ సంతకం. తీస్కున్నోడు మల్ల అప్పజెప్పేదాంక జవాబుదారు. లోపల వాన నీళ్లుంటే తప్పు మీది. సముద్రం నీళ్లయితే ఓడల వచ్చినయే. తుఫాను మీద తోసి తప్పించుకుందమన్నా, తుఫానొచ్చిందని వాళ్లు యాడ రాయలే. కని సరుకు దిగిన ఏడాది లోపల దావా వెయ్యాలె, ఇంక ఇరవై రోజులే ఉన్నది."

సక్కుబాయి ఆ సంతకం వైపే చూస్తూ ఉండిపోయింది. తను కట్టిన పెట్టెను ఎక్కడివాడో, ముఖం కూడా తెలియనివాడు, బాగుందని రాసిచ్చాడు. లోకంలో ఇలాంటి ధర్మం కూడా ఉందా? తనను ఈ ఇంటికి అప్పగించిన రోజు బాగున్న మనిషి అందిందని ఎవరూ రాసివ్వలేదు. తర్వాత కనబడిన ప్రతి పగులూ పుట్టింటి నుంచి తెచ్చుకున్నదే అయింది.

వకీలు పంపగా వెళితే, కాలేజీలో కెమిస్ట్రీ చెప్పే బసవయ్య రెండు గ్లాసుల శుద్ధజలంలో ఇంటి గడ్డినీ, సేటు పంపిన గడ్డినీ విడివిడిగా నానబెట్టి, వడకట్టి, ఉప్పును పట్టిచ్చే సిల్వర్ నైట్రేట్ చుక్కలు వేశాడు. ఇంటి గడ్డి నీళ్లు కాస్త మసకబారాయి. రెండో గ్లాసులో చుక్క పడినచోటే పాలు విరిగినట్టు తెల్లని మేఘం లేచి, అడుగుదాకా కమ్ముకుంది.

"సముద్రమేనమ్మా," అన్నాడాయన.

పురుషోత్తం మెట్లు దిగిపోయినా ఆమె బల్ల మీద చేతులాన్చి వంగి చూస్తూనే ఉంది. నలభై పెట్టెలు మింగిన నీరు గ్లాసు అడుగున మెల్లగా సర్దుకుంటోంది. ఇంత దూరం వచ్చి, అది తన మాట నిజమని చెబుతోంది.

వాంగ్మూలం రాసేటప్పుడు వకీలు అడిగాడు: "పెట్టెలు కట్టిందెవరు?"

"ఇంట్లనే కట్టినం సాబ్."

"ఇల్లు కోర్టుకు రాదు పురుషోత్తం. మనిషి పేరు చెప్పు."

"సక్కుబాయి," అంది ఆమె.

"వృత్తి?"

"ఏముంది సాబ్, ఇంట్లుంటది," అన్నాడు పురుషోత్తం.

"పెట్టెలు కట్టే పని. పదకొండేండ్లు. గట్లనే రాయిండ్రి," అంది సక్కుబాయి.

వకీలు అలాగే రాశాడు. దావా వేశాక కంపెనీ విచారణ దాకా రానివ్వలేదు. నాలుగు నెలలకు పదహారు వేలు చెల్లించింది. ఆ రోజు అన్నం దగ్గర నాగమణమ్మ పప్పులో ఉప్పెక్కువైందని అంది. సక్కుబాయి వేలితో కొంచెం తీసుకుని చప్పరించి, "సరిగ్గనే ఉంది అత్తమ్మా," అంది. పురుషోత్తం ఇంకో ముద్ద కలుపుకున్నాడు.

కొత్త సరుకు వచ్చిన నాడు ఆమె గడ్డిమోపు విప్పలేదు. "రోజుకు నాలుగు రూపాయలు," అంది. "కోర్టు కాయితం మీద నా పనేందో రాసి ఉన్నది."

పురుషోత్తానికి పెట్టుబడి తిరిగొచ్చింది. సక్కుబాయికి తన నాలుక మీద నమ్మకం తిరిగొచ్చింది.