ఆట అయ్యాక చెప్పాల్సిన మాట

అంపైర్లకు ఆరా తీసే బుద్ధి ఉండకూడదంటారు. నాకది పుట్టుకతో వచ్చింది. బ్యాటర్ పక్కన నేలలో పాతిన హోమ్ ప్లేట్ వెనక నిలబడి, వచ్చిన బంతి స్ట్రైకా కాదా, అంటే బ్యాటర్ కొట్టాల్సిందా కాదా అని చెప్పడం నా ఉద్యోగం. నా ముందు గొంతుక్కూర్చుని బంతి పట్టే క్యాచర్ మోకాళ్లెలా ఉన్నాయో, ఇంట్లో పొద్దున ఏం తిన్నాడో కనుక్కోవడం నా సరదా. అమెరికాలో, అయోవాలోని మా చిన్న బేస్‌బాల్ లీగు ఆటగాళ్లు నా పేరు కంటే నా ప్రశ్నలనే ఎక్కువ గుర్తుపెట్టుకున్నారు.

ఆ ఆదివారం హార్లో ఫాల్స్ మైదానంలో మధ్యాహ్నం ఆట. సొంతూరి జట్టు క్యాచర్ డెల్బర్ట్ క్రోన్, మా అందరికీ డెల్. నలభైకి దగ్గరపడ్డాడు. కుడిచేతి వేళ్లలో ఎప్పుడో ఒకప్పుడు విరగనిది లేదు. ఏళ్ల తరబడి ఒకరి వెనక ఒకరం నిలబడ్డాం కనుక మా మధ్య మొహమాటాలు లేవు.

తొమ్మిది ఇన్నింగ్స్‌లో అయిపోవాల్సిన ఆట రెండు–రెండు పరుగుల దగ్గర సమంగా నిలిచింది. సమంగా ఉంటే ఎవరో ఒకరు గెలిచేదాకా ఆడాల్సిందే. ఆడుతూ పోయాం. పరుగు మాత్రం ఎవరికీ రాలేదు.

పదమూడో ఇన్నింగ్స్‌లో డెల్ కాలికవచం పట్టీ తెగింది. తన జట్టు బ్యాటింగ్ చేస్తుండగా ఇంకో పట్టీ కోసం డ్రెస్సింగ్ రూముకి వెళ్లొచ్చాడు. వచ్చి నా ముందు కూర్చున్నవాడు నోరు విప్పలేదు. నేను ఊరుకుంటానా? నాలుగు బంతుల పాటు సతాయించాక చెప్పాడు.

"నా సామానంతా అట్టపెట్టెలో సర్దేసుంది గురూ. నా బల్లమీద ఎవడో కుర్రాడు కూచుని బూట్లు తుడుచుకుంటున్నాడు. ఏం ఆడతావురా అంటే, క్యాచర్నండీ అన్నాడు."

సంగతి నాకర్థమైంది. మా లీగులో మనిషిని తీసేసే మాట ఆట అయ్యాకే చెబుతారు. మేనేజర్ తన గదిలోకి పిలిచి, తలుపేసి, చెయ్యి కలిపి చెబుతాడు. కొత్తవాడు రైలు దిగేసరికి పాతవాడు వెళ్లిపోయి ఉంటాడు. ఆ రోజు రైలు టైముకే వచ్చింది, ఆటే టైముకి అవలేదు. మేనేజర్ హాస్కిన్స్ పెద్ద నోరున్న మనిషి. ఆయన కూడా డెల్ బెంచీ దగ్గరికి వచ్చినప్పుడల్లా ముఖం పక్కకి తిప్పుకుంటున్నాడు.

ఇక నాకు ఒకటే తహతహ. ఈ ఆట ఉన్నంతసేపే డెల్ బేస్‌బాల్ ఆటగాడు. అయిపోయిన మరుక్షణం మామగారి ధాన్యం గిడ్డంగిలో బస్తాలు ఎత్తుకోవాల్సిందే. అలాంటి మనిషి ఆట సాగాలని కోరుకుంటాడా, గెలవాలని కోరుకుంటాడా? నేను కళ్లు పొడుచుకుని చూశాను.

పదిహేడో ఇన్నింగ్స్‌లో బ్యాట్ అంచు తగిలిన బంతి తిన్నగా వచ్చి అతని భుజమ్మీద కొట్టింది. క్యాచర్‌కి దెబ్బ తగిలితే అంపైర్ చేసే మర్యాద ఒకటుంది. జేబులోంచి చిన్న బ్రష్ తీసి, దుమ్ము ఉన్నా లేకున్నా, అతను ఊపిరి పీల్చుకునేదాకా ప్లేటు తుడుస్తాడు. నేనూ తుడిచాను. వంగినవాణ్ణి వంగినట్టే అడిగేశాను.

"నిజం చెప్పు డెల్. ఆట సాగాలనుందా, అయిపోవాలనుందా?"

"ఒక్కో బంతికి ఒక్కోలా ఉంది," అన్నాడు భుజం రుద్దుకుంటూ. "ఇక ఆ తుడవడం ఆపు, ప్లేటు అరిగిపోతుంది."

చూస్తే అది నిజమే అనిపించింది. అవతలి జట్టువాడు పరుగు కోసం, ఆఖరి మజిలీ అయిన మూడో బేస్ నుంచి ప్లేటు మీదికి దూసుకొస్తే డెల్ అడ్డంగా పడి, వాడి కింద నలిగి మరీ ఔట్ చేశాడు. ఆ వెంటనే బ్యాట్ పట్టుకుని, ఈ బంతితో ఆట తేల్చేయాలన్నంత కసిగా కొట్టాడు. అది కంచె దగ్గర ఎవరి చేతిలోనో పడింది. అతని మనసేమిటో నాకు అంతుపట్టలేదు.

ఇరవై మూడో ఇన్నింగ్స్‌లో పొడవైన ఆటకి లీగు రికార్డు బద్దలైందని లౌడ్‌స్పీకర్లో చెప్పారు. మధ్యలో విసుగొచ్చి ఇళ్లకు పోయినవాళ్లు వేయించిన కోడిముక్కలు మూటగట్టుకుని తిరిగొచ్చారు. గెలుపు సంగతి అందరూ మర్చిపోయారు. ఇంకొకటి, ఇంకొకటి అని ఊరు ఊరంతా చప్పట్లు కొట్టింది. నాకు కాళ్లు లాగేస్తున్నాయి, డెల్ సంగతి తెలీని ఆ చప్పట్లకి కోపమూ వస్తోంది.

ఇరవై అయిదోదానికి సూర్యుడు గిడ్డంగి వెనక్కి దిగిపోయాడు. మా మైదానంలో దీపాలు లేవు. ఇద్దరు మేనేజర్లనూ పిలిచి, ఇదే ఆఖరు, తేలకపోతే మిగతాది రేపు ఇక్కణ్ణుంచే మొదలుపెడదాం అన్నాను. హాస్కిన్స్ నేల చూస్తూ తలూపాడు. రేపూ ఆట ఉందని జనం సంబరపడ్డారు.

డెల్ మాత్రం ముఖకవచం పైకెత్తి నా వైపు తిరిగాడు.

"రేపైతే ఇక్కడ కూచునేది ఆ కుర్రాడు," అన్నాడు. "ఇంతసేపు నేను మోసి, దించే పని వాడికివ్వాలా?"

అవతలివాళ్లు ఆ ఇన్నింగ్స్‌లోనూ ఖాళీ చేతులతో వెళ్లారు. సొంతూరి జట్టు వంతులో ఒకడు ఔటై, ఒకడు మూడో బేస్ దాకా చేరాడు. తర్వాతి బ్యాట్ డెల్‌ది. మొదటి బంతి చూసి వదిలేశాడు. స్ట్రైక్ అన్నాను. రెండోదీ వదిలేశాడు. అదీ స్ట్రైకే. ఇంకొక్కటి పోతే అతను ఔటు, ఆట బహుశా రేపటికి.

మూడో బంతిని పైకి లేపాడు. అది మసకచీకట్లో చాలా దూరం పోయింది. ఫీల్డర్ వెనక్కి వెనక్కి పరుగెత్తి, కంచెకు వీపు ఆనించి పట్టేశాడు. డెల్ ఔట్. కానీ బంతి చేతిలో పడగానే మూడో బేస్ నుంచి బయల్దేరినవాడు, అంత దూరం నుంచి అది తిరిగి వచ్చేలోపు ప్లేటు తాకాడు. పరుగు చెల్లిందని నేను రెండు చేతులూ చాచాను. ఆట అయిపోయింది.

జనమంతా పరుగు తీసినవాడి మీద పడ్డారు. మొదటి బేస్ దారిలో మోకాళ్ల మీద చేతులాన్చి నిలబడ్డవాణ్ణి ఎవరూ చూడలేదు, అతను ఔటైనవాడు కదా. ఆట అవగానే అంపైర్ మైదానం వదిలి వెళ్లిపోవాలి. నేను కదల్లేదు.

హాస్కిన్స్ బెంచీ దగ్గర ఒంటరిగా ఉన్నాడు. డెల్ నడుచుకుంటూ వెళ్లి, టోపీ తీసి, ఆయన ఎదురుగా నిలబడ్డాడు.

"ఆట అయిపోయిందండీ," అన్నాడు. "ఇప్పుడు చెప్పండి."

హాస్కిన్స్ నోరు తెరిచాడు. మాట రాక మళ్లీ మూశాడు. డెల్ అలాగే నిలబడి, ఆయనకు కావలసినంత సమయం ఇచ్చాడు.