ఊర్మిల కాళ్ల పసుపు

చందుర్తిల ఊర్మిల తెల్లారంగనే లేస్తది. వాకిలి ఊడ్సి సాన్పి జల్లి, పాలకేంద్రంల పాలు పోసి వచ్చి, దుబాయిల ఉన్న మొగడు సతీశ్‌తోని ఫోన్ల మాట్లాడుకుంట చాయ తాగుతది. మాఘమాసంల మాత్రం ఆమె కాళ్లు మడిమల దాక పచ్చవడుతయి. పెగడపల్లి దిక్కు తల్లిగారూర్ల ఆమె చేన్ల పసుపు తవ్వుడు మొదలైతె గట్లనే అయితది. సబ్బుతోని రుద్దినా పోదు. పాలకేంద్రంల రాజమణి చూసి, "పసుపు ఎల్లిందా ఊర్మిలా?" అని అడిగి మల్ల పాలు కొలుస్కుంటది, గంతే.

ఆ ఇరవై గుంటల చేను నాయిన ఆమె పెండ్లిల పసుపు కుంకుమల కింద ఇచ్చిండు. నోటిమాటనే, కాయిదం లేదు. తమ్ముడు నారాయణ చేసుకుంట, ఏటా ఓ బస్త పసుపు తెచ్చి ఇచ్చెటోడు. ఊర్మిల తల్లిగారింటికి పోతె ఒడిబియ్యం పోసి, కాళ్లకు పసుపు రాసి తోలిచ్చెటోళ్లు. నాయిన పోయినంక, "గా చేను నా పేరు మీద చెయ్యి తమ్మీ" అని ఊర్మిల అడిగింది. అడిగుడే పాపమయింది. నారాయణ కంచె కొట్టి, గేటుకు తాళమేసి, పసుపు మాని మక్కజొన్న పెట్టిండు. మూడేండ్లాయె, బతుకమ్మకు పిలుపు లేదు. ఆమె కాళ్లు గూడ ఉత్తగనే ఉన్నయి. "అక్కా" అన్న మాట ఇననీకి పానం కొట్టుకుంటుండె.

ఈయేడు కాళ్లు మల్ల పచ్చవడ్డయి. తమ్ముడు పసుపు ఏసిండని తెలిసింది. ఇగ ఉండవట్టలేక బస్సెక్కి తల్లిగారి దిక్కు ఠాణకు పోయింది.

ఎస్సై మనస్విని చేను సంగతంత ఇని, ఊర్మిల కాళ్ల దిక్కు చూసి కుర్చీ చూపెట్టింది.

"చేను మీదేనని కాళ్లే చెప్తున్నయమ్మా. గని తాళం తీపిచ్చుడు మా పని కాదు. భూమి ఎవలది, కబ్జా ఎవలది అన్నది సివిల్ కోర్టు చూస్తది. జగిత్యాలల వకీలును కలువుండ్రి. మిమ్ముల కొట్టినా, బెదిరిచ్చినా చెప్పుండ్రి, గప్పుడు మేం వస్తం."

"కొట్టలేదు మేడం. మాట్లాడ్తలేడు."

"దానికి కేసు లేదమ్మా," అన్నది మనస్విని మెల్లగ.

గప్పుడే సంచి పట్టుకోని నారాయణ వచ్చిండు. అక్కను చూసి మొకం తిప్పుకున్నడు. సంచిలకెల్లి పసుపు కొమ్ము తీసి ఇరిస్తె లోపల తెల్లగున్నది.

"మేడం, రంగంత మా అక్క గుంజుకున్నది. కోరుట్ల మార్కెట్ల చూపిస్తె ఎవ్వలు ముట్టలేదు. జర మీరే నాలుగు మాటలు గట్టిగ చెప్పుండ్రి."

మనస్విని కొమ్ము వాసన చూసింది. "పసుపే. గని రంగు పంచాయితి గూడ సివిలే. నేను ఆమెను బెదిరియ్య, మిమ్ముల బెదిరియ్య. బయట చాయ దొరుకుతది, పోయి కూసోండ్రి."

బయట బల్ల మీద ఆ చివర ఒకలు, ఈ చివర ఒకలు కూసున్నరు. చాయ సల్లారింది.

"గింత పచ్చగ ఎన్నడు కాలే గదా," అన్నడు నారాయణ అక్క కాళ్లు చూసుకుంట.

"నేను గుంజుకోలే తమ్మీ. మూడేండ్లాయె, నా కాళ్లకు పసుపు రాసినోళ్లు లేరు. గదే ఎతుక్కుంట వచ్చింది."

"కోర్టుకు పోతవా?"

"పోత. నాయిన ఇచ్చింది ఇడువ. గని కోర్టు నాకు ఒడిబియ్యం పొయ్యదు గద."

నారాయణ లేచి బండి స్టార్ట్ చేసి, "ఎక్కు అక్కా," అన్నడు. ఆ మాట చెవులవడంగనే ఊర్మిలకు కండ్లల్ల నీళ్లు తిరిగినయి.

ఇంట్ల మరదలు సంగీత పీటేసింది. దాసిపెట్టిన సిరిసిల్ల చీర తీసింది. ఆ తెల్లపసుపునే నూరి బియ్యంల కలిపింది. బియ్యం తెల్లగనే ఉన్నయి. దోసిలితోని పోస్తుంటె, ఊర్మిల ఒడిల పడ్డ బియ్యం పడ్డట్టె పచ్చవడ్డయి. గిన్నెల మిగిలిన పసుపు, వాకిట్ల పోసిన పసుపు కొమ్ముల కుప్ప గూడ పచ్చగయినయి. ఊర్మిల కాళ్లు మాత్రం మామూలు కాళ్లయినయి, పగుళ్లతోని.

నారాయణ మొలతాడుకున్న తాళంచెవి ఇప్పి, ఒడిల బియ్యం మీద పెట్టిండు.

"కాయిదం గూడ చేపిస్త అక్కా."

సంగీత గిన్నె పట్టుకోని కింద కూసున్నది. "కాళ్లు ఇటు పెట్టు వదినా," అని పసుపు రాసింది.