తాళం వేసిన కారు

అసలు దేశమంటే ఏమిటో తేల్చి పుస్తకం రాయాలని ఒక చరిత్ర లెక్చరరు దేశం ఈ కొసనుంచి ఆ కొసకు కారులో బయలుదేరాడు. భార్యను కూడా వెంట తీసుకెళ్తున్నాడని చుట్టపక్కాలందరూ మెచ్చుకున్నారు.

ఆమె చూసిన దేశమంతా కారు అద్దంలోంచే. ఊరు రాగానే ఆయన దిగి, టీకొట్టు దగ్గర నలుగురు మగవాళ్లను పోగుచేసి, దేశమంటే మీకేమిటని అడిగేవాడు. వెనక సీట్లో కెమెరాలున్నాయి కనుక ఆమె కాపలా. బయటినుంచి తాళం పడితే లోపలినుంచి తెరుచుకోని కారు అది. మొదట్లో ఆమె సర్దుకుపోయింది. రానురాను తాళం పడిన చప్పుడు వినగానే తలుపు పిడి పట్టుకుని లాగేది. నన్నూ దిగనివ్వండని అడిగితే, ఇంట్లో మాత్రం ఎక్కడ తిరిగావని ఆయన నవ్వాడు. అదీ నిజమే.

ఊరు మారితే భాష మారేది, ఇళ్ల కప్పులు మారేవి. కిటికీ వెనక నిలబడి వీధిని చూసే ఆడమనిషి మాత్రం ప్రతి ఊళ్లోనూ కనబడేది.

ఒక పట్నంలో ఆయన మాటల్లో పడి ఆమె సంగతే మరిచాడు. ఎండకు కారు పొయ్యిలా కాగింది. హారన్ కొట్టింది. ఆ రద్దీలో ఎవరూ పట్టించుకోలేదు. ఫోను చేస్తే, రికార్డింగు పాడవుతుందని ఆయన దాన్ని కట్టేశాడు. అద్దం బాదీ బాదీ ఆమె చేతులు వాలిపోయాయి, కళ్లకు చీకట్లు కమ్మాయి.

ఎదురింటి కిటికీ దగ్గర మిషను కుట్టుకుంటున్న ఆ ఇంటి కోడలు అది చూసింది. సుత్తి పట్టుకుని పరుగెత్తుకొచ్చి, అద్దం పగలగొట్టి, ఆమెను బయటికి లాగి నీళ్లు తాగించింది.

"మా మామగారు గడప దాటనివ్వరక్కా. ఇవాళ అడగడం మరిచిపోయాను" అంది రొప్పుతూ.

లెక్చరరు పరుగున వచ్చాడు. ఆయన మొహం పాలిపోయింది. అయినా నోరు ఊరుకోలేదు.

"ఇంకాస్త ఓర్చుకోవాల్సింది. టీకొట్టు దగ్గర ఆ పెద్దాయన స్వేచ్ఛ గురించి ఎంత బాగా చెబుతున్నాడనుకున్నావు."

ఆమె మెల్లగా లేచి నిలబడింది.

"ఇన్ని ఊళ్లు తిరిగి మీరు సగం దేశాన్నే అడిగారండీ. మిగతా సగం తలుపుల వెనకే ఉండిపోయింది. ముందు తాళాలు ఇలా ఇవ్వండి. తర్వాత ఈ చెల్లెల్ని అడగండి, ఏం చెబుతుందో వినండి."

ఆయన తాళాలు ఆమె చేతిలో పెట్టి, తల వంచుకుని రికార్డరు తీశాడు. గుమ్మంలోంచి మామగారు పిలుస్తూనే ఉన్నాడు. ఆ కోడలు వెనక్కి తిరగకుండా, తన పేరుతో మొదలుపెట్టి చెప్పసాగింది.

పాఠకులారా, ఇంట్లో మనిషిని తాళం వేసి ఉంచినవాడికి దేశమంతా గాలించినా దేశం దొరకదు.