అక్కను పరుపుకి కుట్టేసిన రోజు

మా అక్క పద్దెనిమిదేళ్లు నాటకాల్లో చచ్చింది. విషం తాగి, కత్తిపోటు తిని, క్షయతో దగ్గి దగ్గి, ఎలా చావమంటే అలా. చప్పట్లు పడితే శవం లేచి నిలబడేది, తల వంచి అందరినీ పలకరించి, మళ్లీ పడుకుని ఇంకోసారి చచ్చేది. జనం దానికే టిక్కెట్టు కొనేవాళ్లు.

నేను ఆమె దుస్తులు కుట్టే చెల్లెల్ని. ఆమె నటిస్తున్నంతసేపూ తర్వాతి రంగం బట్టలు పట్టుకుని తెర వెనక నిలబడాలి. ఊరంతా ఆమె నటన గురించి కథలు కథలుగా చెప్పుకుంటే, నాకు తెలిసిందల్లా ఆమె వీపు, ఊడిపోయే హుక్కులు.

ఇంతలో మూగ సినిమా వచ్చిపడింది. మా నాటకశాలలో తెల్లగుడ్డ కట్టేశారు. నలభయ్యో ఏట అక్క స్టూడియో మెట్లెక్కింది. మొదటి రోజే చావు సీను పెట్టారు మహానుభావులు.

వెలుతురు కోసం వేసిన అద్దాల కప్పు కింద, మిట్టమధ్యాహ్నం ఎండలో, అక్క మంచం మీద ప్రాణం విడిచింది. నేను అలవాటుకొద్దీ సెట్టు గోడ వెనకే ఉన్నాను. సెట్టు వేసిన వడ్రంగులు ముచ్చటపడి చప్పట్లు కొట్టారు. ఇంకేముంది! అక్క లేచి తల వంచింది.

"అమ్మా, చచ్చినవాళ్లు లేవరు!" అని దర్శకుడు నెత్తి కొట్టుకున్నాడు.

"లేవకపోతే పొగరనుకోరూ?" అంది అక్క.

వడ్రంగుల్ని బయటికి పంపేశారు. రెండోసారి ఎవరూ చప్పట్లు కొట్టలేదు. అక్క కాసేపు ఓపిక పట్టి, ఒక కన్ను తెరిచి, "ఏం, బాగా రాలేదా?" అని అడిగింది.

ఈసారి దర్శకుడు అరవలేదు. "ఇంకోసారి లేస్తే ఈ వేషం వేరేవాళ్లకిచ్చేస్తానమ్మా," అన్నాడు మెల్లగా.

అక్క ముఖం పాలిపోయింది. వెనక్కి వెళ్దామంటే నాటకశాల లేదు. మరో పని రాదు. గుండీ కుట్టమంటే వేలు కుట్టుకునే రకం.

"నన్ను మంచానికి కట్టెయ్యవే," అంది నాతో.

"తాడు కనిపిస్తుందక్కా." సూదీ దారం తీసి, భుజాల దగ్గరా నడుం దగ్గరా ఆమె గౌనును పరుపుకి కుట్టేశాను. కుడుతున్నంతసేపూ ఇద్దరం నవ్వాపుకోలేకపోయాం.

పని ముగిసేసరికి కెమెరా తిప్పడానికి సిద్ధంగా ఉన్నారు. గోడ వెనక్కి వెళ్లే వ్యవధి లేదు. సూదితో సహా కెమెరా పక్కనే నిలబడిపోయాను.

అక్క ఎవరినో చూస్తున్నట్టు చూసింది. ఏదో చెప్పబోయి, చెప్పలేక, చిన్నగా నవ్వింది. నవ్వు ముఖం మీద ఉండగానే మనిషి లేకుండా పోయింది. నేనే కుట్టిన కుట్లు మరిచిపోయి బావురుమన్నాను. మూగ సినిమా కాబట్టి బతికిపోయాం.

"అయింది," అన్నాడు దర్శకుడు.

కత్తెర పట్టుకుని పరుగెత్తాను. చూస్తే ఒక్క కుట్టూ సాగలేదు, ఒక్క పోగూ తెగలేదు.

"లేవాలనిపించలేదా?" అన్నాను.

"నువ్వలా ఏడుస్తుంటే ఎలా లేస్తానే? ఇన్నేళ్లకి ఇవాళ చూశావు నన్ను!"

ముక్కు తుడుచుకుని, కత్తెర కింద పడేసి, నేనొక్కదాన్నే చప్పట్లు కొట్టాను.

అక్క వెంటనే లేచింది, పరుపుతో సహా.